ఐ బెటర్ పాస్ మై నైబర్: లాగోస్‌లో చిన్న జనరేటర్, రెండేళ్ల వాడకం తర్వాత

ఉద్యోగం మీద లాగోస్ వస్తున్న మన తెలుగువాళ్లు నన్ను ఎక్కువగా అడిగే ప్రశ్న, అక్కడ చిన్న జనరేటర్ కొనుక్కోవాలా వద్దా అని. ఒక్కొక్కరికీ వాట్సాప్‌లో విడివిడిగా చెప్పే బదులు ఒకేసారి వివరంగా రాసేద్దామని కూర్చున్నాను. నేను 2023 ఆగస్టులో కొన్నాను. ఇలుపేజులో రెండు గదుల అద్దె ఫ్లాట్, మనవాళ్ల స్కూలు, ఇండియన్ కిరాణా కొట్లు ఉండే ఏరియానే. రెండేళ్లకు పైగా దాదాపు ప్రతిరోజూ వాడాను కాబట్టి దాని మంచీ చెడూ రెండూ నాకు బాగా తెలుసు.

ముందు పేరు సంగతి చెప్పాలి. బ్రాండ్ ఏదైనా కానీ, ఈ సైజు జనరేటర్‌ని నైజీరియాలో అందరూ "ఐ బెటర్ పాస్ మై నైబర్" అంటారు. అది పిజిన్ మాట, అంటే ఇక్కడి జనం మాట్లాడే కలగలుపు ఇంగ్లీషు, "పక్కింటోడి కంటే నేనే నయం" అని అర్థం. షాపులో అలాగే అడుగుతారు, రిపేర్ చేసేవాడూ అలాగే అంటాడు, పేపర్లలోనూ అలాగే రాస్తారు. నేను మొదట ఇది కంపెనీ పెట్టుకున్న ప్రచారం పేరేమో అనుకున్నాను. కాదు, జనం పెట్టిన పేరు. వీధి మొత్తం చీకట్లో ఉన్నప్పుడు ఒక ఇంట్లో రెండు బల్బులు, ఒక ఫ్యాను తిరిగితే, ఆ ఇంటివాడికి దక్కే గొప్ప అంత మాత్రమే అని ఆ పేరులో ఉంది. ప్రభుత్వం కరెంటు ఇవ్వలేకపోతే మనిషి పక్కవాడితో పోల్చుకుని తృప్తి పడాల్సిన స్థితికి వచ్చాడని కూడా అందులోనే ఉంది. ఐదు మాటల్లో ఇంత చెప్పిన పేరు నేను ఇంకెక్కడా వినలేదు.

వస్తువు విషయానికొస్తే, ఇది టూ స్ట్రోక్ ఇంజను, తాడు లాగి స్టార్ట్ చేయాలి, పెట్రోల్‌లో ఇంజనాయిల్ కలిపి పోయాలి. నేను 50 పాళ్ల పెట్రోల్‌కి 1 పాలు ఆయిల్ చొప్పున కలుపుతాను, అంటే 4 లీటర్ల ట్యాంకుకి 80 మిల్లీలీటర్లు. డబ్బా మీద 950 అని ఉంటుంది, దాన్ని నమ్మొద్దు. 600 వాట్ల దాకా వాడుకుంటే ఇబ్బంది పెట్టదు. రెండు ఫ్యాన్లు, నాలుగు ఎల్ఈడీ బల్బులు, ఒక టీవీ, ఫోన్లు, లాప్‌టాప్, ఇవి హాయిగా నడుస్తాయి. ఏసీ మాట మర్చిపోండి. మిక్సీ వేస్తే మూలుగుతుంది, ఇడ్లీ పిండి రుబ్బాలంటే మాత్రం కరెంటు వచ్చేదాకా ఆగాల్సిందే. ఫ్రిజ్ ఒకసారి ప్రయత్నించాను, కంప్రెసర్ స్టార్ట్ అయ్యేటప్పుడు వోల్టేజి అమాంతం పడిపోయి టీవీ ఆరిపోయింది, మళ్లీ ఆ పని చేయలేదు. స్టెబిలైజర్ లేకుండా టీవీ పెట్టకండి.

కొనడానికి అలాబా మార్కెట్‌కి వెళ్లాను. ఎలక్ట్రానిక్స్‌కి అది పెద్ద పేరున్న మార్కెట్, ఒక పూట తిరిగినా చివర కనిపించదు. అక్కడ అందరూ చెప్పే మాట "హండ్రెడ్ పర్సెంట్ కాపర్, ఓగా" అని. ఓగా అంటే మన "సార్" లాంటి పిలుపు. లోపలి కాయిల్ రాగిదైతే ఎక్కువకాలం వస్తుంది, అల్యూమినియందైతే వేడికి త్వరగా కాలిపోతుంది. నాకు రాగి అని చెప్పి అమ్మినది ఎనిమిది నెలలకి కాలింది. విప్పి చూస్తే అల్యూమినియం. షాపు పేరు రాయను, కానీ కొనేటప్పుడు తెలిసిన మెకానిక్‌ని వెంట తీసుకెళ్లి, పక్కనున్న మూత విప్పించి చూసి మరీ కొనండి. కాయిల్ మార్పించాక ఇప్పటివరకు మళ్లీ ఆ సమస్య రాలేదు. ప్లగ్ నెలకోసారి శుభ్రం చేయాలి, కార్బ్యురేటర్‌లో చెత్త చేరితే ఎంత లాగినా అందుకోదు, తాడు తెగడం మామూలే, ఒక తాడు ఇంట్లో ఉంచుకోండి.

ఇక పెట్రోల్. ఇక్కడి నుంచి వస్తువు గురించి రాయాలంటే రాజకీయం గురించి కూడా రాయక తప్పదు. 2023 మే 29న ప్రెసిడెంట్ టినుబు ప్రమాణస్వీకారం చేసిన రోజే పెట్రోల్ సబ్సిడీ పోయిందని ప్రకటించారు. అంతకు ముందు లీటరు 200 నైరాల లోపు. కొన్ని రోజుల్లో 500 దగ్గరికి చేరింది, జులైలో 617 అయింది, 2024 చివరికి 1,000 దాటింది. ఆఫ్రికాలో ముడిచమురు ఎక్కువగా తీసే దేశాల్లో ముందు వరుసలో ఉన్న దేశం ఇది. అయినా శుద్ధి చేసిన పెట్రోల్ దశాబ్దాలుగా బయటినుంచి కొనుక్కుంది. లెక్కీలో డాంగోటే రిఫైనరీ పెట్రోల్ అమ్మడం మొదలుపెట్టింది 2024 సెప్టెంబర్‌లో.

మా కింది ఫ్లాట్‌లో లెక్కల టీచరమ్మ ఉంటారు. నేను కొన్న నెలలో ఆవిడ కాగితం మీద ఒక లెక్క వేసి చూపించారు. ట్యాంకు నింపడానికి 4 లీటర్లు, లీటరు 617, మొత్తం 2,468 నైరా. అప్పటి కనీస వేతనం నెలకి 30,000. అంటే నెలంతా పనిచేసినవాడి జీతం 12 ట్యాంకులు, ఒక్కో ట్యాంకు నాకైతే ఐదు గంటలు వచ్చేది. అన్నం, అద్దె, బస్సు ఏమీ లేకుండా మొత్తం దీనికే పోసినా నెలకి 60 గంటల వెలుతురు. ఇదే లెక్క ఆవిడ క్లాసులో పిల్లలకి ఇచ్చారట, మీ నాన్న జీతం ఇంత, పెట్రోల్ ఇంత, ఇంట్లో ఎన్ని గంటలు లైటు ఉంటుంది అని. ఒక పాప "సున్నా" అని రాసి పెట్టిందట. ఎందుకమ్మా అంటే, "మా నాన్నది గవర్నమెంటు ఉద్యోగం మిస్, నాలుగు నెలల నుంచి జీతం రాలేదు" అని చెప్పిందట. క్లాసంతా నవ్విందని, తను కూడా నవ్వి ఫుల్ మార్కులు వేశానని చెప్పారు. ఆ మాట చెప్పాక ఆవిడ కాసేపు కాగితం మడతపెడుతూ కూర్చున్నారు.

2024 జులైలో కనీస వేతనం 70,000 చేశారు. పెట్రోల్ వెయ్యి అయ్యేసరికి అది 17 ట్యాంకులు. ఆవిడ ఆ లెక్క కూడా వేశారు.

మా బిల్డింగ్‌లో ఆరు ఫ్లాట్లు. ఓనరు పెట్టిన పెద్ద డీజిల్ జనరేటర్ ఒకటి ఉంది, సాయంత్రం 7 నుంచి 11 దాకా నడిపేవారు. డీజిల్ పెరిగేకొద్దీ గంటలు తగ్గి, చివరికి ఆదివారం మాత్రమే అయింది. అందుకే నేను చిన్నది కొన్నాను. ఇప్పుడు నా జనరేటర్ నుంచి కింది ఫ్లాట్‌కి ఒక వైరు వెళ్తుంది, టీచరమ్మా నేనూ వంతులవారీగా పెట్రోల్ తెస్తాం. ఎవరి వంతు వస్తే వాళ్లు ఖాళీ క్యాను పట్టుకుని "ఎమీ లోకాన్" అంటూ గేటు దాటుతారు. యోరుబాలో "ఇప్పుడు నా వంతు" అని దాని అర్థం. ప్రెసిడెంట్ పదవి ఈసారి నాకే రావాలని 2022లో అబెయోకుటాలో టినుబు అన్న మాట అది. ఆయన పదవి కోసం అన్నదాన్ని జనం బంకు దగ్గర క్యూలో నిలబడేటప్పుడు వాడుకుంటున్నారు. అర్థం తెలిసిన రోజు నేను చాలాసేపు నవ్వాను, తర్వాత నా వంతు వచ్చినప్పుడు నేనూ అదే అనడం మొదలుపెట్టాను.

ఇలాంటి మాటలు ఇక్కడ కరెంటు చుట్టూ ఎన్నో. పాత కరెంటు సంస్థ పేరు నీపా. దాని అక్షరాలకి జనం చెప్పుకున్న అర్థం "నెవర్ ఎక్స్‌పెక్ట్ పవర్ ఆల్వేస్", అంటే ఎప్పుడూ కరెంటు ఉంటుందని ఆశపడకు అని. పేరు చివర కంపెనీ అని సూచించే పీఎల్‌సీ ఉంటుంది కదా, దానికి "ప్లీజ్ లైట్ క్యాండిల్" అని కలిపారు. 2005లో ప్రభుత్వం సంస్కరణ అని చెప్పి దాన్ని పీహెచ్‌సీఎన్‌గా మార్చింది. జనం వెంటనే "ప్రాబ్లెమ్ హ్యాజ్ చేంజ్‌డ్ నేమ్" అన్నారు, సమస్య పేరు మార్చుకుంది అని. 2013లో పంపిణీని ప్రైవేటు కంపెనీలకి ఇచ్చేశారు, నీపా అనేది లేకుండా పోయి ఇరవై ఏళ్లు అయింది, అయినా ఈ రోజుకీ కరెంటు వస్తే వీధిలో పిల్లలు పెద్దలు అందరూ ఒక్క గొంతుతో "అప్ నీపా!" అని అరుస్తారు. మొదటిసారి వింటే ఎక్కడో గోల్ పడిందనుకుంటారు.

గోల్ అంటే గుర్తొచ్చింది. 2024 ఫిబ్రవరి 7న ఆఫ్రికా కప్ సెమీ ఫైనల్, నైజీరియాకీ సౌతాఫ్రికాకీ. మ్యాచ్ ఐవరీ కోస్ట్‌లోని బువాకేలో. మా ఏరియాలో కరెంటు లేదు. ఆరు ఫ్లాట్ల వాళ్లూ, గేటు బయట టైర్లు బాగుచేసే వల్కనైజరూ, అతని ఇద్దరు పిల్లలూ అందరూ నా హాల్లోనే. సౌతాఫ్రికాలో కూడా అప్పుడు లోడ్ షెడ్డింగ్ తీవ్రంగానే ఉండేది. టీచరమ్మ టీవీ వైపు చూసి, "ఈ రాత్రి మన రెండు దేశాల్లో కరెంటు గ్యారంటీగా ఉన్నవాళ్లు ఈ ఇరవై ఇద్దరే, వాళ్లు కూడా పరాయి దేశంలో ఉన్నారు కాబట్టి" అన్నారు. మ్యాచ్ 1-1తో పెనాల్టీల దాకా వెళ్లింది. సరిగ్గా అప్పుడే పెట్రోల్ అడుగంటి బల్బులు మిణుకుమిణుకుమన్నాయి. వల్కనైజర్ చీకట్లోనే మెట్లు దిగి వెళ్లి తన టూల్ బాక్స్ పక్కనున్న సీసా తెచ్చి పోశాడు. నేర్చుకోవాల్సిన విషయం, పెద్ద మ్యాచ్ ఉన్న రోజు ట్యాంకు నింపకుండా మొదలుపెట్టకండి. ఇంకోటి, వేడిగా ఉన్న ఇంజన్‌లో పెట్రోల్ పోయడం చాలా ప్రమాదం, ఆ రోజు మేము చేసింది తప్పు, కనీసం పది నిమిషాలు ఆపి చల్లారనివ్వాలి. నైజీరియా గెలిచింది, ఆ హాల్లో నేను చూసిన సంతోషం మర్చిపోలేను.

ఇప్పుడు అన్నిటికంటే ముఖ్యమైనది. దయచేసి దీన్ని వంటింట్లో, కారిడార్‌లో, మెట్ల కింద, మూసిన బాల్కనీలో పెట్టకండి. దొంగల భయంతో చాలామంది రాత్రిపూట లోపలికి తెచ్చుకుంటారు. ఇది వదిలే కార్బన్ మోనాక్సైడ్‌కి రంగూ వాసనా ఉండదు, నిద్రలోనే ప్రాణం పోతుంది. కుటుంబం మొత్తం తెల్లవారి లేవలేదనే వార్తలు ఇక్కడి పేపర్లలో కొత్త కాదు. కిటికీకి కనీసం 20 అడుగుల దూరంలో, ఆరుబయట, పొగ ఇంటివైపు రాకుండా పెట్టండి. దొంగల కోసం ఇనుప బోను చేయించి గొలుసుతో తాళం వేయండి, వెల్డింగ్ షాపువాళ్లందరికీ ఆ కొలతలు నోటికి వచ్చు. వర్షానికి పైన రేకు చాలు.

ఈ బోను విషయంలో నన్ను పట్టుబట్టి ఒప్పించింది వల్కనైజరే. నేను మొదటి వారం బాల్కనీలో పెట్టుకున్నాను. అతను పైకి వచ్చి, ఏమీ మాట్లాడకుండా దాన్ని మోసుకుని కిందికి తీసుకెళ్లిపోయాడు. తర్వాత చెప్పాడు, వాళ్ల తమ్ముడు పోయింది ఈ పొగతోనేనట, పండగ రాత్రి, గది తలుపు వేసుకుని. నాకు ఏమనాలో తెలియలేదు. అతనే కాసేపాగి, "వాడి గదికి మీటర్ లేదు ఓగా, అంచనా బిల్లు. వాడు పోయాక కూడా నెలనెలా వస్తూనే ఉంది, ఆ నెల కంటే తర్వాతి నెల ఎక్కువ. చచ్చిపోయాక వాడికి నిద్ర పట్టడం లేదేమో, రాత్రంతా లైటు వేసుకుంటున్నాడు" అన్నాడు. అని నవ్వాడు, నేను నవ్వలేకపోయాను. మీటర్ లేని ఇళ్లకి వాడకం చూడకుండా అంచనాతో బిల్లు వేయడం ఈ దేశంలో లక్షల మంది పడుతున్న బాధ. దాని మీద ఎన్నో వ్యాసాలు చదివాను, ఒక్కటి కూడా నాకు ఇంత గట్టిగా తగల్లేదు.

ఇది రాయడానికి అసలు కారణం కూడా ఇదే. మన గ్రూపుల్లో ఇక్కడి మీమ్స్, వీడియోలు ఫార్వర్డ్ అవుతుంటాయి, "చూడండి వీళ్లు ఎలా బతుకుతున్నారో, అయినా నవ్వుతున్నారు" అని. నాకు ఆ మాట నచ్చదు. వీళ్లు పట్టించుకోక నవ్వడం లేదు. ప్రతి జోకులో ఎవరు బాధ్యులో స్పష్టంగా ఉంటుంది, తేదీతో సహా. 2018లో బెనూ రాష్ట్రంలో పరీక్షల బోర్డు ఆఫీసులో 3.6 కోట్ల నైరాలు కనిపించకపోతే, అక్కడి ఉద్యోగి వాటిని పాము మింగిందని చెప్పినట్టు వార్తలొచ్చాయి. ఒక సెనేటర్ పాములవాళ్లని వెంటబెట్టుకుని అబూజాలో బోర్డు ప్రధాన కార్యాలయానికి వెళ్లారు. ఏడేళ్లు దాటినా మా బిల్డింగ్‌లో మెట్ల కింద పెట్టిన ఇంజనాయిల్ సీసా పోతే అందరూ అనేది "పాము మింగింది" అనే. ఆ డబ్బు సంగతి జనం మర్చిపోలేదు, పిల్లలకి కూడా నేర్పుతున్నారు. మన దగ్గర కరెంటు చార్జీల మీద 2000లో బషీర్‌బాగ్‌లో జనం రోడ్డెక్కితే కాల్పులు జరిగాయి, ఆ పేరు చెప్తే మన పెద్దవాళ్లకి వెంటనే అన్నీ గుర్తొస్తాయి కదా. ఇక్కడ ఆ గుర్తు జోకుల్లో ఉంటుంది.

పక్క దేశాల్లో కూడా ఇదే. ఘానాలో కరెంటు కోతకి "దుమ్‌సోర్" అని పేరు, చ్వీ భాషలో ఆర్పు, వెలిగించు అనే రెండు మాటలు కలిపి చేసింది. అది ఎంతగా స్థిరపడిందంటే అప్పటి ప్రెసిడెంట్ మహామాకి మిస్టర్ దుమ్‌సోర్ అని పేరు పెట్టారు, 2015 మేలో ఆక్రాలో జనం కొవ్వొత్తులు, లాంతర్లు పట్టుకుని ఆ పేరుతోనే నిరసనకి దిగారు. సౌతాఫ్రికాలో కోత ఎప్పుడో చెప్పే యాప్ ఉంది, పేరు ఎస్కామ్‌సెపుష్. కరెంటు సంస్థ పేరుని ఆఫ్రికాన్స్‌లోని ఒక పెద్ద బూతుకి అతికించి పెట్టారు. పెద్దవాళ్లు, ఆఫీసులవాళ్లు అందరూ ఆ పేరు మామూలుగా పలుకుతారు. జింబాబ్వేలో చెప్పుకునే పాత మాట ఒకటుంది, కొవ్వొత్తులు రాకముందు మనం ఏం వాడేవాళ్లం అంటే, కరెంటు వాడేవాళ్లం అని.

మళ్లీ వస్తువు దగ్గరికి వస్తాను. ఎవరు కొనాలి? కంపెనీ క్వార్టర్స్‌లో 24 గంటల జనరేటర్ ఉంటే అవసరం లేదు. 2024 ఏప్రిల్ నుంచి బ్యాండ్ ఏ అని ఒక వర్గం పెట్టారు, రోజుకి 20 గంటలు ఇస్తామని యూనిట్‌కి 225 నైరా మొదలుపెట్టి తర్వాత కొద్దిగా తగ్గించారు. మీ వీధి అందులో ఉంటే జనరేటర్ బదులు ఇన్వర్టర్, బ్యాటరీ తీసుకోండి. అద్దె ఇంట్లో ఒక్కరే ఉండి, రాత్రి ఫ్యాను, ఫోను చాలు అనుకునేవాళ్లకి కొంత డబ్బు ఎక్కువైనా చిన్న సోలార్ సెట్టే మేలని ఇప్పుడు అనిపిస్తోంది, పొగ లేదు, శబ్దం లేదు. ఈ జనరేటర్ శబ్దం మామూలుగా ఉండదు, రాత్రి పక్కింటి పసిపిల్ల ఏడుపు కూడా వినపడదు, వీధిలో ఇరవై ఒకేసారి మోగితే తల పగిలిపోతుంది. ఇంత చెప్పినా, చేతిలో డబ్బు తక్కువగా ఉండి వెంటనే వెలుతురు కావాలంటే ఇదే దొరుకుతుంది. ఐదుకి మూడు ఇస్తాను. ఆ మూడూ మెకానిక్ ప్రతి వీధిలో దొరుకుతాడు కాబట్టి, స్పేర్ పార్ట్స్ చవక కాబట్టి.

సోలార్ అంటే, 2025 బడ్జెట్‌లో ప్రెసిడెంట్ నివాసానికి సోలార్ పెట్టడానికి 1,000 కోట్ల నైరాలు కేటాయించారు. అంతకు ముందు 2024లోనే జాతీయ గ్రిడ్ పదిసార్లకు పైగా కుప్పకూలింది. ఆ వార్త చదివి టీచరమ్మ, "చివరికి ఆయన కూడా ఐ బెటర్ పాస్ మై నైబర్ కొనుక్కున్నాడు, ఆయన పక్కింటివాళ్లం మనమే" అన్నారు.

నాకు ఈ డిసెంబర్‌తో కాంట్రాక్టు అయిపోతోంది, హైదరాబాద్ వచ్చేస్తున్నాను. జనరేటర్ వల్కనైజర్‌కి ఇచ్చేస్తానని చెప్పాను. అక్కడ నువ్వేం వాడతావు అని అడిగాడు. మా తెలంగాణ జనాభా నాలుగు కోట్లు కూడా ఉండదు, ఎండాకాలంలో 15,000 మెగావాట్లు దాటి వాడతాం, మీ గ్రిడ్ మొత్తం 20 కోట్ల మందికి పైగా ఇచ్చేది నాలుగైదు వేల మెగావాట్లు అని చెప్పాను. మా దగ్గర కూడా ఒకప్పుడు రైతులు అర్ధరాత్రి కరెంటు కోసం పొలానికెళ్లి పాము కరిచి చనిపోయేవాళ్లని కూడా చెప్పాను. పాము అనగానే "అది డబ్బు మింగదా?" అన్నాడు. తర్వాత కాసేపు ఆలోచించి, "లైటు పోకపోతే మీవాళ్లు దేని మీద జోకులేసుకుంటారు ఓగా?" అని అడిగాడు. మా దగ్గర వేరేవి ఉన్నాయిలే అన్నాను. ఇచ్చే ముందు కార్బ్యురేటర్ ఒకసారి కడిగించి ఇవ్వమన్నాడు, శనివారం మెకానిక్‌ని రమ్మన్నాను.